స్టే ఉండగానే చేను గేటుకి తాళం వేసినారు, కంటెంప్ట్ వేస్తే నిలబడుతుందా?

తమ్ముడూ, నువ్వు రాసింది రెండుసార్లు చదివినా. చదివే మిగతావాళ్ళకి కూడా తెలియాలి కాబట్టి ముందు నీ సంగతి పొట్టిగా చెప్తా. అనంతపురం జిల్లాలో ఒక టౌన్ పక్కన మీ నాయన పేరు మీద 3 ఎకరాల 40 సెంట్లు, ఊరు మున్సిపాలిటీలో కలిసినాక ఆఫీసువాళ్ళు దాన్ని ఖాళీ స్థలం కింద రాసుకుని వేకెంట్ ల్యాండ్ ట్యాక్స్ అని పాత బాకీలతో కలిపి 2 లక్షల 86 వేలకి డిమాండ్ పంపినారు, మీరు హైకోర్టులో రిట్ వేసినారు, కోర్టు మూడో వంతు నాలుగు వారాల్లో కట్టండి, కడితే బలవంతపు వసూలు చర్యలు ఏవీ తీసుకోకూడదు అని మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఇది ఏడు నెలల కిందటి మాట. పోయిన వారం మోటరు షెడ్డు గోడకి నోటీసు అతికించినారు, రెండు రోజులకి గేటుకి తాళం వేసి పోయినారు, లోపల శెనక్కాయ పెరకాల్సిన టైము. ఇప్పుడు నువ్వు కమిషనర్ కాడ నుంచి వార్డు సచివాలయం సెక్రటరీ దాకా ఆరుగురి మీద కంటెంప్ట్, అంటే కోర్టు ధిక్కరణ కేసు వేసి జైలుకి పంపాలంటాండావు, అనంతపురం కోర్టులోనే వేయొచ్చా అంటాండావు, ఆరు నెలలు దాటితే స్టే దానంతట అదే పోతుందంట కదా అని కూడా అడిగినావు.

నేను లాయరుని కాదు. కర్నూలులో రెవెన్యూ ఆఫీసుల్లో 24 ఏళ్ళు కోర్టు కేసుల సీటే చూసినా, రిట్లు వస్తే పేరావైజ్ రిమార్కులు (ఒక్కో పేరాకి మా జవాబు) రాసి జీపీ, అంటే ప్రభుత్వ ప్లీడరు ఆఫీసుకి పంపడం, కంటెంప్ట్ వస్తే మా సారు కోసం కౌంటర్, అంటే జవాబు అఫిడవిట్ తయారు చేయించడం, ఇదే పని. అంటే నువ్వు ఎవరి మీద కేసు వేయాలనుకుంటాండావో ఆ బల్ల అవతలి పక్క నేను కూర్చున్నా. అక్కడ ఏ కంటెంప్ట్‌కి భయపడతారో, దేన్ని పక్కన పెట్టేస్తారో తెలుసు కాబట్టి ఇంత రాస్తాండా.

అన్నిటికంటే ముందు ఒకటి. నీకిప్పుడు అర్జెంటుగా కావాల్సింది గేటు తెరుచుకోవడం. కంటెంప్ట్ వేస్తే నంబరు పడి, నోటీసు పోయి, వాళ్ళు కౌంటర్ వేసేసరికి నెలలు పడుతుంది, అప్పటికి కాయ భూమిలోనే మొలకెత్తిపోతుంది. వాన ఒకటి పడిందంటే ఇంగ చెప్పాల్సిన పని లేదు, నీకూ తెలుసు. కాబట్టి మీ లాయరుకి ఫోన్ చేసి పెండింగ్‌లో ఉన్న ఆ రిట్‌లోనే తాళం తీయించమని ఒక ఐఏ (మధ్యంతర దరఖాస్తు) వేయమను, పంట కోతకొచ్చిందని ఫోటోలు జత చేసి లంచ్ మోషన్ అడగమను. జడ్జిగారు పర్మిషన్ ఇస్తే అదే రోజు మధ్యాహ్నం విచారణకొస్తుంది, చాలాసార్లు మున్సిపాలిటీ తరఫు లాయరు, అంటే స్టాండింగ్ కౌన్సిల్‌ని ఇన్‌స్ట్రక్షన్స్ తెప్పించుకోమంటారు. ఆ ఇన్‌స్ట్రక్షన్స్ కోసం అక్కడి నుంచి కమిషనర్‌కి ఫోన్ వస్తుంది చూడు, ఆ ఒక్క ఫోన్‌కే తాళాలు తీసిన కేసులు నేను చూసినా. కంటెంప్ట్ దాని వెనకాల వేసుకోవచ్చు, దానికి టైముంది.

ఆరు నెలల సంగతి. ఇది 2018లో సుప్రీంకోర్టు ఏషియన్ రీసర్ఫేసింగ్ కేసులో ఇచ్చిన తీర్పు వల్ల వచ్చిన మాట, స్టే ఇచ్చి ఆరు నెలలైతే కారణాలు రాసి పొడిగిస్తే తప్ప ఆగిపోతుంది అని. అప్పట్లో ఆఫీసుల్లో దాన్ని బాగా వాడినారు, నేను కూడా ఫైళ్ళలో ఆ తీర్పు పేరు రాసి పెట్టినా. కానీ 2024 ఫిబ్రవరి 29న అయిదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం అలహాబాద్ హైకోర్టు బార్ అసోసియేషన్ కేసులో ఆ మాట కొట్టేసింది. హైకోర్టు ఇచ్చిన స్టే కేవలం టైము గడిచిందని దానంతట అదే పోదు. కాబట్టి ఏడు నెలలైందని నీ స్టే పోలేదు. అయితే ఇంకో రెండు విషయాలు చూసుకోవాల్సి ఉంది. ఒకటి, కొన్ని ఆర్డర్లలో ఫలానా తేదీ వరకు అనో, ఆరు వారాలు అనో కోర్టే రాసి ఉంటుంది, అట్లా రాస్తే పొడిగింపు ఉండాల్సిందే. రెండు, మున్సిపాలిటీవాళ్ళు స్టే ఎత్తేయమని వెకేట్ స్టే పిటిషన్ వేసి ఉన్నారేమో ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో నీ రిట్ నంబరు కొట్టి చూడు. అవతలివాళ్ళ మాట వినకుండా ఇచ్చిన స్టే మీద వెకేట్ పిటిషన్ వేసి మీకు కాపీ ఇచ్చినారంటే దాన్ని రెండు వారాల్లో తేల్చాలని రాజ్యాంగం 226(3) లో ఉంది, తేల్చకపోతే స్టే పోయినట్లే అని వాదిస్తారు. మీ లాయరుకి కాపీ వచ్చి ఆయన పక్కన పెట్టేసి ఉంటే నీ కంటెంప్ట్ మొదటి వాయిదాకే దెబ్బ తింటుంది.

ఇప్పుడు అసలు విషయానికొస్తా. కంటెంప్ట్ అంటే చాలామంది అనుకునేది, నాకు అన్యాయం చేసినారు, కోర్టు నా పక్క ఉంది, కాబట్టి వాళ్ళని శిక్షిస్తుంది అని. అట్లా కాదప్పా. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టంలో సెక్షన్ 2(బి) చూస్తే సివిల్ కంటెంప్ట్ అంటే కోర్టు ఆర్డర్‌ని, లేకపోతే కోర్టుకి ఇచ్చిన హామీని, కావాలని తెలిసి తెలిసి ఉల్లంఘించడం. ఆ 'కావాలని' అనే మాట దగ్గరే చాలా కేసులు పోతాయి. మీ భూమికి పన్ను పడుతుందా లేదా అన్నది ఆ రోజు కోర్టు చూడదు. ఆర్డర్‌లో ఏ మాట ఉంది, అది ఫలానా మనిషికి ఫలానా రోజు తెలిసిందా, తెలిసినాక ఏం చేసినాడు, ఈ మూడే చూస్తుంది. ఇది సగం క్రిమినల్ కేసు లాంటిది, అనుమానం ఉంటే ఆ లాభం ఆఫీసరుకే పోతుంది.

అందుకే ఆర్డర్ చివరి పేరా తీసి పదం పదం చదువు. నువ్వు రాసినదాని ప్రకారం బలవంతపు చర్యలు వద్దు అని ఉంది, డిమాండే చెల్లదు అని లేదు, అసెస్‌మెంట్ మొత్తం ఆపినట్లు కూడా లేదు. కాబట్టి షెడ్డు గోడకి అతికించిన నోటీసు ఉంది చూడు, అందులో ఇంత బాకీ ఉంది కట్టండి అని మాత్రమే ఉంటే దాన్ని కంటెంప్ట్ అనడం కష్టం. పన్ను అర్ధ సంవత్సరానికొకసారి, కంప్యూటర్‌లో డిమాండ్ దానంతటదే పుడుతుంది, సెక్రటరీ ప్రింటు తీసి అతికిస్తుంది, ఆమెకి నీ రిట్ సంగతే తెలిసి ఉండకపోవచ్చు. అదే నోటీసులో 15 రోజుల్లో కట్టకపోతే జప్తు చేస్తాం అని ఉంటే కొంచెం బలం. కానీ తాళం వేరు. తాళం అంటే బలవంతపు చర్యే, దాన్ని ఇంకో మాటతో చెప్పలేరు. నువ్వేమో నీ డ్రాఫ్టులో నోటీసు గురించి రెండు పేజీలు రాసి తాళం గురించి రెండు లైన్లు రాసినావు, తిరగేసి రాయి. తాళం ఏ రోజు, ఎన్ని గంటలకి, ఎవరు వేసినారు, పక్క చేనోళ్ళు ఎవరు చూసినారు, తాళం మీద ఆఫీసు సీలు గుడ్డ కట్టినారా, ఫోటోలో తేదీ పడిందా, ఇవి రాయి.

తర్వాత డబ్బు. మూడో వంతు కట్టినాం అని ఒక్క ముక్క రాసి వదిలేసినావు, నాకు భయం అక్కడే. పన్ను కేసుల్లో స్టే ఊరికే రాదు, ఇంత కడితేనే అని షరతుతో వస్తుంది, షరతు తప్పితే స్టే లేనట్లే. 2,86,000లో మూడో వంతు అంటే 95,333 చిల్లర, మీరు 95 వేలు రౌండుగా కట్టి ఉంటే 333 రూపాయలు తక్కువ కట్టినారని కౌంటర్‌లో మొదటి పేరాలోనే రాస్తారు, నేనైతే రాసేవాణ్ణి. నాలుగు వారాలు ఏ రోజు నుంచి అనేది కూడా ఆర్డర్‌లో చూడు, ఆర్డర్ తేదీ నుంచా, కాపీ అందిన తేదీ నుంచా. రసీదు మీద తేదీ ఆ లోపల ఉందా? రసీదు మీ నాయన అసెస్‌మెంట్ నంబరు మీదే పడిందా, లేక ఆఫీసువాళ్ళు పాత ఇంటి పన్నులోకి జమ చేసుకున్నారా? అట్లా జమ చేసుకున్నవి చూసినా. ఒకవేళ ఒక వారం లేటుగా కట్టి ఉంటే కంటెంప్ట్ వేయకముందే టైము పొడిగించమని పిటిషన్ వేసుకో, నిజం ముందే చెప్పుకుంటే కోర్టు కరుణిస్తుంది, అవతలివాళ్ళు బయటపెడితే మాత్రం నీ మీదే కోపం వస్తుంది.

ఇంగ ఆర్డర్ వాళ్ళకి తెలుసని నిరూపించడం. దీని గురించి నాకు ఎదురైన ఒక కేసు చెప్తా, ఆఫీసు పేరు చెప్పను. 2016లో, అప్పటికి హైకోర్టు హైదరాబాద్‌లోనే ఉండేది. బేతంచెర్ల సైడు పాలిష్ బండల షెడ్డు ఒకాయనకి, వ్యవసాయ భూమిని వేరే పనికి మార్చుకున్నందుకు కట్టాల్సిన పన్ను, దాని మీద పెనాల్టీ అని పెద్ద మొత్తం వేసినారు. ఆయన స్టే తెచ్చుకున్నాడు. తెచ్చుకున్న మరుసటి రోజే ఆర్డర్ కాపీ పట్టుకుని మా ఆఫీసుకొచ్చినాడు. మా దగ్గర తపాల్ చూసే కుర్రాడు సారు లేరు రేపు రండి అన్నాడంట. ఈయన కదల్లేదు. సారు అవసరం లేదు, ఇన్‌వర్డ్ సీలు వేసి నంబరు రాసివ్వు చాలు అని మధ్యాహ్నం దాకా ఆ బెంచీ మీదే కూర్చున్నాడు, బండల దుమ్ముతో చొక్కా అంతా తెల్లగా ఉంది, చేతిలో కాపీ పాలిథీన్ కవర్‌లో పెట్టుకుని. చివరికి కుర్రాడు రెండో కాపీ మీద సీలు కొట్టి పచ్చ ఇంకుతో పొట్టి సంతకం పెట్టి తేదీ వేసినాడు. ఆ కవరు మాత్రం ఎవరూ విప్పలేదు, నా బల్ల మీదికి రాలేదు, అల్మారా పక్కన కట్టలో పడింది. మూడో రోజు సిబ్బంది పోయి షెడ్డుకి సీలు వేసినారు.

కంటెంప్ట్ నోటీసు వచ్చినాక మా సారు నన్ను పిలిచి ఆర్డర్ మనకి అందలేదని కౌంటర్ రాయమన్నారు. నేను కట్టలు విప్పి వెతికినా, కవరు దొరికింది, అందలేదని ఎట్లా రాస్తాం? సారుకి చూపించినా, ఆయన చాలాసేపు మాట్లాడలేదు. అవతల ఆయన అఫిడవిట్‌తో పాటు ఆ పచ్చ ఇంకు సంతకం ఉన్న కాపీ జత చేసినాడు, దాని మీద సీలు తేదీ షెడ్డు మూసిన తేదీకి రెండు రోజుల ముందుది. ఇంగ కౌంటర్‌లో రాయడానికి ఏమీ మిగల్లేదు. ఆ రాత్రే మనుషుల్ని పంపి షెడ్డు సీలు తీయించినారు, సారు హైదరాబాద్ పోయి కోర్టు హాల్లో పొద్దున్నుంచి నిలబడి క్షమాపణ అఫిడవిట్ ఇచ్చినారు, కోర్టు తీసుకుని కేసు మూసేసింది. ఎవరూ జైలుకి పోలేదు. కానీ ఆ షెడ్డులో మిషన్లు మళ్ళీ తిరిగినాయి, అసలు రిట్ తేలేదాకా మా ఆఫీసు నుంచి ఒక్కరు కూడా ఆ పక్కకి పోలేదు. ఆయనకి లాయరు మంచివాడు దొరికినాడు నిజమే, కానీ కేసు గెలిచింది ఆ రోజు బెంచీ మీద కూర్చున్నప్పుడే.

కాబట్టి నిన్ను అడిగేది, ఏడు నెలల కిందట ఆర్డర్ వచ్చినప్పుడు మీరు దాన్ని మున్సిపల్ ఆఫీసులో ఇచ్చినారా? సీలు ఉన్న కాపీ ఉందా? లాయరు పంపించి ఉంటాడులే అనుకుంటే కుదరదు. కోర్టులో స్టాండింగ్ కౌన్సిల్ ఉండగా ఆర్డర్ ఇచ్చినారు కాబట్టి ఆఫీసుకి తెలిసినట్లే అని వాదించొచ్చు, ఆ వాదనకి కొంత బలం ఉంది, కానీ తాళం వేసిన మనిషికి తెలుసని చూపించడానికి అది సరిపోకపోవచ్చు. లేకపోతే ఇప్పుడైనా ఈ పని చెయ్యి: ఆర్డర్ కాపీ, డబ్బు కట్టిన రసీదు, తాళం ఫోటో పెట్టి కమిషనర్ పేరుతో ఒక పేజీ ఉత్తరం రాయి, ఫలానా రిట్‌లో ఫలానా తేదీ ఆర్డర్ ప్రకారం తాళం వెంటనే తీయండి అని. అందులో తిట్లు వద్దు, కంటెంప్ట్ వేస్తానని బెదిరింపు కూడా ఒక్క వాక్యం చాలు. చేతికిచ్చి సీలు వేయించుకో, అదే కాగితం స్పీడ్ పోస్టులో కూడా పంపు, 2025లో రిజిస్టర్ పోస్టుని స్పీడ్ పోస్టులో కలిపేసినారు కాబట్టి డెలివరీ అయినట్లు ప్రూఫ్ అడిగి తీసుకో, ఆఫీసు ఈమెయిల్‌కి కూడా ఒకటి పెట్టు. సోమవారం కలెక్టరేట్‌లో ప్రజల ఫిర్యాదులు తీసుకునే పీజీఆర్‌ఎస్‌లో అర్జీ ఇస్తే దానికొక నంబరు వస్తుంది, అది కూడా వాళ్ళకి తెలుసనడానికి కాగితమే. ఈ కాగితం అందినాక కూడా తాళం అట్లే ఉందంటే అప్పుడు 'నాకు తెలియదు' అనే దారి మూసుకుపోతుంది. పాతది ఇచ్చినారో లేదో గుర్తు లేకపోతే సమాచార హక్కు కింద ఆ నెల ఇన్‌వర్డ్ రిజిస్టర్ పేజీల నకలు అడుగు, 10 రూపాయల ఫీజు, 30 రోజులు టైము, ఆలస్యమైనా పర్వాలేదు తర్వాత ఉపయోగపడుతుంది.

ఆరుగురి మీద వేస్తానన్నావు కదా, అది వద్దు. కంటెంప్ట్ హోదా మీద కాదు, మనిషి మీద నడుస్తుంది, పేరు పెట్టి వేయాలి. సుప్రీంకోర్టు 2021లో అస్సాం కేసు ఒకదాంట్లో చెప్పింది, కింది ఉద్యోగి చేసినదానికి పై ఆఫీసరుని తెలియకుండానే బాధ్యుణ్ణి చేసి శిక్షించలేం అని. కమిషనర్‌కి ఆర్డర్ అందినట్లు రుజువుంటే కమిషనర్, తాళం వేయమని సంతకం పెట్టిన రెవెన్యూ ఆఫీసర్ ఉంటే ఆయన, ఇంతే. నోటీసు అతికించిన సెక్రటరీ అమ్మాయిని, తాళం పట్టుకొచ్చిన మనిషిని కోర్టుకి లాగితే జడ్జిగారికి నీ మీద మంచి అభిప్రాయం రాదు, పైగా రేపు నీకు సాక్ష్యం చెప్పగలిగింది కూడా వాళ్ళే. తాళం వేసిన రోజు కమిషనర్ అక్కడికి రాలేదని నువ్వే ఒకచోట రాసినావు, డ్రాఫ్టులో మాత్రం దగ్గరుండి వేయించినాడు అని ఉంది. ఆ లైను తీసేయ్. అఫిడవిట్‌లో ఒక్క అబద్ధం దొరికితే మిగతా నిజాలన్నీ దాంతో పాటే పోతాయి.

యాడ వేయాలంటే, ఆర్డర్ హైకోర్టుది కాబట్టి అమరావతి నేలపాడులో ఉన్న మన హైకోర్టులోనే. అనంతపురం కోర్టుకి ఆ అధికారం లేదు. అదే గనక మీరు కింది కోర్టులో సివిల్ దావా వేసి ఇంజంక్షన్ తెచ్చుకుని ఉంటే అప్పుడు అదే కోర్టులో సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డర్, రూల్ 2ఎ కింద పిటిషన్ వేసేవాళ్ళు, అక్కడ ఆస్తి జప్తు, మూడు నెలల దాకా సివిల్ జైలు ఉంటాయి. నీది ఆ దారి కాదు. హైకోర్టులో కంటెంప్ట్ కేసుకి సీసీ (కంటెంప్ట్ కేసు) నంబరు పడుతుంది, ముందు వాళ్ళ మాట వింటారు, తర్వాత అవసరమైతే ఫారం-1 నోటీసు ఇస్తారు, అది వస్తే ఆఫీసరు స్వయంగా పోయి నిలబడాలి. నువ్వు ప్రతి వాయిదాకి రాత్రి బస్సెక్కి విజయవాడ పోవాల్సిన పని లేదు, అఫిడవిట్ మీద సంతకానికి, ఇంకా లాయరు ప్రత్యేకంగా రమ్మంటే తప్ప.

టైము సంగతి. సెక్షన్ 20 ప్రకారం ధిక్కారం జరిగిన రోజు నుంచి ఏడాది లోపల వేయాలి. తాళం ఇంకా ఉంది కదా, రోజూ ధిక్కారమే కదా, ఎప్పుడైనా వేయొచ్చు అని కొందరు చెప్తారు, నమ్మొద్దు. 2024 జూలైలో తెలంగాణ భూమి కేసులో సుప్రీంకోర్టు ఆ వాదన ఒప్పుకోలేదు, ఒకసారి జరిగిన పని ఫలితం కొనసాగుతున్నంత మాత్రాన తప్పు రోజూ జరుగుతున్నట్లు కాదంది, ఏడాది దాటినాక వేసిన ఆ కంటెంప్ట్ చెల్లదని తేల్చింది. నీకు తాళం వేసి వారమే కాబట్టి టెన్షన్ లేదు, కానీ తేదీ గోడ మీద రాసి పెట్టుకో.

జైలు గురించి. చట్టంలో గరిష్ఠం ఆరు నెలల సాధారణ జైలు, 2 వేల రూపాయల జరిమానా, లేదా రెండూ. సివిల్ కంటెంప్ట్‌లో ముందు జరిమానా, అది చాలదనుకుంటేనే జైలు, మనస్ఫూర్తిగా క్షమాపణ చెప్తే వదిలేయొచ్చు, ఇవన్నీ సెక్షన్ 12లోనే ఉన్నాయి. శిక్ష వేయాలా వద్దా అన్నది కోర్టుకీ ఆఫీసరుకీ మధ్య విషయం, నువ్వు సమాచారం ఇచ్చేవాడివి మాత్రమే. నీ కంటెంప్ట్ కొట్టేస్తే సెక్షన్ 19 అప్పీలు నీకు ఉండదు, అది శిక్ష పడినవాళ్ళకే.

అట్లని కోర్టులు ఊరుకుంటాయని కాదు. 2022 మార్చిలో మన హైకోర్టు స్కూలు ఆవరణల్లో సచివాలయాల బిల్డింగులు కట్టొద్దన్న ఆర్డర్ లెక్కచేయనందుకు ఎనిమిది మంది ఐఏఎస్‌లకి రెండు వారాల జైలు వేసింది, వాళ్ళు క్షమాపణ చెప్పినాక దాన్ని మార్చి ఏడాది పాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టళ్ళకి పోయి పిల్లల భోజనం ఖర్చు పెట్టుకోమంది. 2021 సెప్టెంబర్‌లో నెల్లూరు జిల్లా భూమి పరిహారం కేసులో డబ్బు ఇవ్వకుండా ఏళ్ళ తరబడి తిప్పినందుకు ఐఏఎస్ అధికారులకి జైలు శిక్షలు పడినాయి. ఇంకోటి నీ కేసుకి దగ్గరది, గుంటూరు జిల్లాలో ఒక తహసీల్దారు హైకోర్టు ఆర్డర్ ఉండగానే గుడిసెలు పీకించినాడు, ఆయన తర్వాత డిప్యూటీ కలెక్టర్ అయినాడు, హైకోర్టు రెండు నెలల జైలు వేస్తే 2025 మేలో సుప్రీంకోర్టు జైలు తీసేసి మళ్ళీ తహసీల్దారు పోస్టుకి దించి లక్ష రూపాయలు జరిమానా వేసింది. ఈ వార్త వచ్చిన వారం నాతో పనిచేసినవాళ్ళు ఎంతమంది ఫోన్ చేసినారో. అంటే ఆర్డర్ చేతిలో పెట్టినాక కూడా చేసినట్లు కాగితం ఉంటే ఎంత పెద్ద ఆఫీసరైనా తప్పించుకోలేడు.

ఇంకోటి కూడా చెప్పాలి, మన సీమలో దీని దగ్గర చాలామంది డబ్బు పోగొట్టుకుంటాండారు. ఆదోని దగ్గర ఒకామె, ఆమె అర్జీని ఎనిమిది వారాల్లో పరిశీలించి తేల్చండి అని హైకోర్టు ఆర్డర్ తెచ్చుకుంది. ఏడో వారంలో తహసీల్దారు తేల్చినాడు, నీ అర్జీ కుదరదు అని. ఆమె కోర్టు మాట వినలేదని కంటెంప్ట్ వేసింది, లాయరు ఫీజు, రానూపోనూ ఖర్చులు అన్నీ కలిపి ఒక ఆవు డబ్బులు పోయినాయి, కోర్టు మూసేసింది. ఎందుకంటే తేల్చమన్నారు, తేల్చినాడు. తప్పుగా తేల్చినా సరే అది కొత్త గొడవ, దాని మీద కొత్తగా రిట్ వేసుకోవాలి గానీ కంటెంప్ట్ కాదు, సుప్రీంకోర్టు 1996 నుంచీ చెప్తాండేది ఇదే. రేపు నీ రిట్‌లో కూడా కోర్టు 'మీ అభ్యంతరం కమిషనర్ పరిశీలించాలి' అని ముగిస్తే ఈ సంగతి గుర్తు పెట్టుకో.

అసలు రిట్ మాత్రం నీది బలమైన కేసే, దాన్ని వదిలేసి కంటెంప్ట్ వెంట పడొద్దు. మున్సిపాలిటీల చట్టం 1965లో ఖాళీ స్థలం పన్ను కేవలం వ్యవసాయానికి వాడే భూమికి పడదు, సెక్షన్ 85లోనే ఆ మాట ఉంది. మీ చేనులో ఏళ్ళ తరబడి శెనక్కాయే వేస్తాండారు కదా, మా కర్నూలు సైడు బుడ్డలంటాం, దానికి రుజువులు పెట్టినారా? అడంగల్, 1-బి సరే, అవి అందరూ పెడతారు, ఈ-క్రాప్ బుకింగ్ (పంట నమోదు) ప్రతి ఏడాదిదీ తీయించు, సబ్సిడీ విత్తనకాయ తీసుకున్న రసీదులు, పంటల బీమా పడి ఉంటే బ్యాంకు పాస్‌బుక్‌లో ఆ ఎంట్రీ, బోరు కరెంటు కనెక్షన్ వ్యవసాయం కేటగిరీలో ఉన్న బిల్లు. ఒక మూల ఎవరికైనా గుడిసె వేసుకోనిచ్చినారా, ప్లాట్లు వేద్దామని రాళ్ళు పాతినారా, ఉంటే లాయరుకి దాచకుండా చెప్పు, 'కేవలం' అనే మాట మీదే వాళ్ళు గట్టిగా పట్టుకుంటారు. స్టే ఉందని వడ్డీ ఆగదు, ఓడిపోతే నెలకి 2 శాతం లెక్కన వచ్చి పడుతుంది, అది కూడా మీ నాయనకి చెప్పి ఉంచు.

చివరగా, తాళం నువ్వే పగలగొట్టొద్దు. కోర్టు ఆర్డర్ నా పక్కే ఉంది కదా అని ఆవేశంలో పగలగొడితే ప్రభుత్వ పనికి అడ్డం వచ్చినాడని కేసు పెడతారు, అప్పుడు కోర్టులో నీ మాట పక్కకి పోయి ఆ కేసే ముందుకొస్తుంది. బిల్ కలెక్టర్‌తో గొడవ పడి వీడియో తీసి వాట్సాప్ గ్రూపుల్లో పెట్టడం కూడా ఆపు, పెట్టినవి ఉంటే ఇప్పుడే లాయరుకి చూపించు.

ఈ రాత్రి చేయాల్సింది ఒకటే, బీరువాలో ఆ డబ్బు కట్టిన రసీదు తీసి తేదీ, మొత్తం, అసెస్‌మెంట్ నంబరు ఆర్డర్‌తో పోల్చి చూడు. మూడూ సరిపోతే పొద్దున్నే లాయరుకి లంచ్ మోషన్ మాట చెప్పు. ఏదైనా తేడా ఉంటే పేర్లు, నంబర్లు కనపడకుండా కొట్టేసి ఆర్డర్ చివరి పేజీ, రసీదు ఇక్కడే పెట్టు, చూసి చెప్తా.